ఇంటి చదువుకూ ఒక లెక్క ఉండాలి

బడికి పోని పిల్లల ఇళ్లను నేను రెండు రకాలు చూశాను. మొదటి రకం ఇళ్లకు ఉద్యోగంలో ఉండగా వెళ్లేదాన్ని, రెండో రకం ఇళ్లకు రిటైరయ్యాక వెళ్తున్నాను. మొదటివి గద్వాల చుట్టుపక్కల పల్లెల్లో ఉండేవి. అక్కడి సర్కారు హైస్కూల్లో తెలుగు చెప్పేదాన్ని. ఆగస్టు దాటిందంటే ఆడపిల్లల హాజరు పడిపోయేది. సీడ్ పత్తి చేలల్లో క్రాసింగ్ పని ఊపందుకునేది అప్పుడే. రెండోవి హైదరాబాద్ పడమటి శివార్లలో, గేటు దగ్గర పేరూ ఫోన్ నంబరూ రాయించుకుని గానీ లోపలికి పంపని అపార్టుమెంట్లలో ఉన్నాయి. ఇక్కడి తల్లిదండ్రులు బాగా ఆలోచించుకునే పిల్లల్ని బడి మాన్పించారు. కొందరు అసలు చేర్పించనే లేదు. హోమ్‌స్కూలింగ్ అంటారు దీన్ని. కొవిడ్ కాలంలో బడి ఇంటికే వచ్చి కూర్చున్నాక, తిరిగి పంపి తీరాలా అన్న ఆలోచన ఇంకొన్ని ఇళ్లలో మొదలైంది. ఆ పిల్లల్లో కొందరు ఇప్పుడు సాయంత్రాలు నా దగ్గర తెలుగు నేర్చుకుంటున్నారు.

రెండు రకాల ఇళ్లలోనూ నేను విన్న మాట ఒక్కటే: ‘ఇంట్లోనే చదువుకుంటోంది.’ గద్వాల పల్లెల్లో అది చాలాసార్లు అబద్ధం. ఇక్కడ నిజం. ఏది నిజమో ఏది అబద్ధమో తేల్చే ఏర్పాటు మాత్రం మన విద్యాశాఖ దగ్గర లేదు. ఇంటి చదువును ప్రభుత్వం ఒప్పుకోవాలనీ, ఒప్పుకున్న తర్వాత దాన్ని ఏడాదికోసారైనా కళ్లారా చూడాలనీ నేననేది అందుకే. ఈ రెంటిలో ఒకటి చేసి రెండోది వదిలేస్తే ఎవరో ఒకరి పిల్లలు నష్టపోతారు.

ముందు ఇక్కడి ఇళ్ల సంగతి చెప్తాను. వీళ్లను గురించి బయట రెండే అభిప్రాయాలున్నాయి. డబ్బెక్కువై చేసే వేషాలని కొందరంటారు, మేధావుల్ని తయారుచేసే ఫ్యాక్టరీలని కొందరనుకుంటారు. రెండో అభిప్రాయానికి పత్రికల్లో వచ్చే కథనాలు కారణం. మన హైదరాబాద్ టేబుల్ టెన్నిస్ క్రీడాకారిణి నైనా జైస్వాల్ ఇంట్లోనే చదువుకుని ఎనిమిదేళ్లకే పదో తరగతి పాసైంది. ముంబై అమ్మాయి మాళవికా జోషిని ఏడో తరగతిలో తల్లి బడి మాన్పించింది. కంప్యూటర్ ప్రోగ్రామింగ్ ఒలింపియాడ్ పతకాల బలంతో, పది, పన్నెండు తరగతుల సర్టిఫికెట్లు లేకుండానే 2016లో అమెరికాలోని ఎంఐటీలో సీటు తెచ్చుకుంది. మంచిదే. కానీ నా దగ్గరికొచ్చే పిల్లల్లో అలాంటి వాళ్లెవరూ లేరు. అందరి ఇళ్లలో ఉండే మామూలు పిల్లలే.

పదేళ్లవాడు ఒకడున్నాడు. వాడికి లిఫ్టు పిచ్చి. సర్వీసింగ్‌కు వచ్చే మెకానిక్ వెంటపడి, సొసైటీ సెక్రటరీని వాళ్ల నాన్న చేత అడిగించి, పై అంతస్తు మీది మిషన్ రూమ్ చూసొచ్చాడు. నా దగ్గరికొచ్చి బొమ్మ గీశాడు. పెట్టె పైకి పోతుంటే వెనకాల ఒక బరువు కిందికి దిగుతుందట. ఆ బరువు ఖాళీ పెట్టె కంటే ఎక్కువ, మనుషులతో నిండిన పెట్టె కంటే తక్కువ ఉండేలా చూసుకుంటారట. ‘అందుకని ఖాళీ లిఫ్టు కిందికి రావాలంటేనే మోటారు కష్టపడాలి అమ్మమ్మా, పైకి పోవాలంటే కాదు’ అన్నాడు. నాకది కొత్త సంగతి. ఇదంతా తెలుగులో ఒక పేజీ రాసుకు రమ్మన్నాను. బరువును ‘బరవు’ అని రాశాడు. లిఫ్టు అనే మాట దగ్గర ఆగిపోయాడు. ‘లిఫుటు’ అని రాసి, పైకి చదువుకుని, మొహం చిట్లించి, కొట్టేశాడు. ఫ కింద ట ఒత్తు ఎలా వేలాడుతుందో చూపించాను. దాన్ని మార్జిన్‌లో పదిసార్లు రాసుకుని గానీ తర్వాతి వాక్యానికి పోలేదు. ఆ పేజీ ముగిసేసరికి బయట చీకటి పడింది. ఎనిమిదో తరగతి గదిలో నలభై ఎనిమిది మందిని ఎదురుగా పెట్టుకుని, నలభై ఐదు నిమిషాల పీరియడ్‌లో ఒక పిల్లాడి ఒత్తు కోసం అంతసేపు ఏ టీచరూ ఆగలేదు. ఆగాలన్న కోరిక లేక కాదు, గంట కొట్టేస్తారు.

వాడి తల్లి కొన్నేళ్లు డాలస్ దగ్గర ఉండొచ్చింది. అక్కడ గుడిలో కలిసే తెలుగువాళ్లలోనే పిల్లల్ని ఇంట్లో చదివించే వాళ్లుండేవారట. కాబట్టి ఆవిడకు ఇదేమీ వింతగా లేదు. వింతగా అనిపించింది వాళ్ల అత్తగారికి. ‘బడికి పోకుంటే పిల్లాడికి బుద్ధులెట్లా వస్తాయే’ అని ఆవిడ ఫోన్‌లో ఇప్పటికీ అడుగుతూనే ఉంటుంది.

ఇంకో ఇంట్లో పన్నెండేళ్ల అమ్మాయి. అక్షరాలు తారుమారుగా కనిపించే ఇబ్బంది, డిస్లెక్సియా అంటారు. మూడో తరగతికి వచ్చేలోపే బడులు మార్చారు. చివరి బడిలో ప్రిన్సిపాల్ పిలిచి, మీ పాపకు మా పద్ధతి సరిపడదు, వేరే చూసుకోండి అని మర్యాదగా చెప్పారట. హోమ్‌స్కూలింగ్ కుటుంబాలంటే ఏవో ఆదర్శాల కోసం బడి వదిలేసినవాళ్లు అనుకుంటాం గానీ, ఇలా బడే వదిలించుకున్న పిల్లలు వీళ్లలో తక్కువేమీ లేరు. మరో ఇంట్లో అబ్బాయి తెల్లవారుజామున బ్యాడ్మింటన్ కోర్టుకు పోయి తొమ్మిదింటికి తిరిగొస్తాడు. ఆ వేళకు వాడికి కావాల్సింది నిద్ర, బడి బస్సు కాదు. ఫీజులు మిగుల్చుకోవడానికి ఈ దారి పట్టినవాళ్లు మాత్రం నాకు తగల్లేదు. మిగిలే ఫీజు కంటే ఆగిపోయే జీతం ఎక్కువ.

ఆ జీతం ఎవరిదో వేరే చెప్పక్కర్లేదు. నాకు తెలిసిన ఇళ్లన్నిటిలోనూ ఉద్యోగం మానింది తల్లే. తండ్రులు ఆదివారం సైన్సు ప్రయోగాలు చేయిస్తారు, ఫొటోలు తీస్తారు. సోమవారం నుంచి శనివారం దాకా భిన్నాల లెక్కలు, అలకలు, ‘నాకు బోర్ కొడుతోంది’ అనే మాట వెయ్యిసార్లు వినడం తల్లి వంతు. లిఫ్టు పిల్లాడి తల్లి టెస్టింగ్‌లో టీమ్ లీడ్‌గా చేసేది. ‘మళ్లీ ఉద్యోగంలో చేరతావా’ అని అడిగితే, ‘వీడు పదో తరగతి రాశాక చూద్దాం ఆంటీ, అప్పటికి నన్నెవరు తీసుకుంటారో’ అంది. ఇంటి చదువు గురించి గొప్పగా చెప్పే ఉపన్యాసాల్లో ఈ ఖర్చు ఎక్కడా కనిపించదు.

ఈ ఇళ్ల పుస్తకాల అరల్లో తప్పకుండా కనిపించేది ‘రైలుబడి’. జపాన్ రచయిత్రి తెత్సుకో కురోయనాగి తన చిన్ననాటి బడి గురించి 1981లో రాసిన ‘తొత్తోచాన్’ తెలుగులో ఆ పేరుతో వచ్చింది. తొత్తోచాన్‌ను మొదటి బడిలోంచి పంపించేస్తారు. కానీ ఆ తర్వాత వాళ్లమ్మ ఆ పిల్లను ఇంట్లో కూర్చోబెట్టుకోలేదు. ఇంకో బడికి తీసుకెళ్లింది. అక్కడి హెడ్మాస్టర్ కొబయాషి ఆ పిల్ల చెప్పేదంతా గంటల తరబడి విన్నాడు. ఈ ఇళ్లలో ఇంత ప్రేమగా చదువుకునే పుస్తకం బడి మానమని చెప్పేది కాదు, బడి ఎలా ఉండాలో చెప్పేది. ఆ తల్లులతో ఈ మాటంటే ఒప్పుకుంటారు. ‘అలాంటి బడి ఇక్కడుంటే రేపే చేర్పిస్తాం’ అంటారు. ఇక్కడున్న బడుల బోర్డుల మీద ‘టెక్నో’, ‘ఒలింపియాడ్’, ‘ఐఐటీ ఫౌండేషన్’ అన్న మాటలుంటాయి. ఆరో తరగతి నుంచే వారాంతపు పరీక్షలు, ర్యాంకుల మెసేజీలు, పొద్దు పోయేదాకా స్టడీ అవర్లు. 2019లో తెలంగాణ ఇంటర్ ఫలితాల తర్వాత ఇరవై మందికి పైగా పిల్లలు ప్రాణాలు తీసుకున్న రాష్ట్రంలో, ఈ పరుగులోంచి తన బిడ్డను తప్పించుకుపోయే తల్లిని నేను తప్పుపట్టలేను.

అలాగని ఇంటి చదువుకు పాత వైభవం అంటగట్టడం కూడా నాకు నచ్చదు. వీళ్లలో కొందరు గురుకులాలు, వీధి అరుగుల మీద పంతుళ్లు అంటూ మొదలుపెడతారు. ఆ చదువు అందరికీ అందలేదు. బండారు అచ్చమాంబ బడి ముఖం చూడకుండానే, తమ్ముడు కొమర్రాజు లక్ష్మణరావు చదువుకుంటుంటే పక్కన చేరి నేర్చుకుని, ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ రాసిందంటే అది ఆమె పట్టుదల. ఆమె వయసు మిగతా ఆడపిల్లలకు అలా చదివే తమ్ముళ్లూ లేరు, పక్కన కూర్చోనిచ్చే ఇళ్లూ లేవు. భాగ్యరెడ్డి వర్మ 1910 నుంచి హైదరాబాద్‌లో ఆది హిందూ పిల్లల కోసం బడులు పెట్టాల్సి వచ్చిందంటే, ఉన్న చదువుల తలుపులు వాళ్లకు మూసి ఉండబట్టే. ఇంట్లో చదువుండే ఇళ్లు కొన్ని. బడి అందరిదీ. అందరిదీ చేయడానికి వందేళ్లు పోరాడాల్సి వచ్చింది.

ఇంట్లో దొరకనిది ఇంకొకటుంది. హోమ్‌స్కూలింగ్ తల్లిదండ్రులను అందరూ అడిగే ప్రశ్న ‘పిల్లలు నలుగురితో కలవడం ఎట్లా’ అని. వాళ్లకది విని విని విసుగు. పార్కులో కలుస్తారు, నాటకాల క్లాసులో కలుస్తారు, ఈతకు పోతారు అని జవాబు సిద్ధంగా ఉంటుంది. నిజమే, కలుస్తారు. కానీ ఎవరితో? తమలాంటి వాళ్లతోనే. మా హైస్కూల్లో మధ్యాహ్న భోజనం వేళ వరండాలో వరసలు వేసేవాళ్లం. సర్పంచి మనవడూ, పాలేరు కొడుకూ పక్కపక్కన కూర్చునేవాళ్లు. మొదట్లో కూర్చోనన్న పిల్లలున్నారు, ఇంటి నుంచి డబ్బా తెచ్చుకున్న పిల్లలున్నారు. గుడ్డు పెట్టే రోజున డబ్బాలు ఖాళీ అయ్యేవి. ఒక వరసలోకి వచ్చేవాళ్లు. ఇది ఎంత మంచి తల్లి అయినా ఇంట్లో నేర్పలేదు. ఆ మాటకొస్తే లక్షల ఫీజులు తీసుకునే బడులూ నేర్పడం లేదు. కాబట్టి ఈ లోటుకు హోమ్‌స్కూలింగ్ ఇళ్లను మాత్రమే నిలదీస్తే న్యాయం కాదు.

ఇక చట్టం సంగతి. విద్యాహక్కు చట్టం 2010 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉంది. ఆరు నుంచి పద్నాలుగేళ్ల పిల్లల్ని దగ్గర్లోని బడిలో చేర్పించడం తల్లిదండ్రుల బాధ్యత అని దాని పదో సెక్షన్ చెప్తుంది. చేర్పించకపోతే శిక్ష ఏమిటో చెప్పదు. ఇంట్లో చదివించుకునే హక్కు ఉందా అంటూ పద్నాలుగేళ్ల అమ్మాయి ఒకరు దిల్లీ హైకోర్టుకు వెళ్తే, కావాలని ఇంటి చదువు ఎంచుకున్నవాళ్లకు ఈ చట్టం అడ్డు రాదని కేంద్రం 2012లో అఫిడవిట్ వేసింది. అదే ఏడాది చేసిన సవరణతో, తీవ్ర వైకల్యం ఉన్న పిల్లలు ఇంటి దగ్గరే చదువుకునే అవకాశం చట్టంలోకి వచ్చింది. మిగతావాళ్ల గురించి చట్టం నోరు మెదపలేదు. తప్పని ఒక సెక్షన్ అంటుంది, తప్పు కాదని ఒక అఫిడవిట్ అంటుంది. ఈ సందులోనే వీళ్లంతా కాలం గడుపుతున్నారు.

సర్టిఫికెట్ కోసం దారి ఒకటుంది. 1989లో మొదలైన జాతీయ సార్వత్రిక విద్యాసంస్థ, అదే ఎన్‌ఐఓఎస్, పద్నాలుగేళ్లు నిండిన ఎవరికైనా పదో తరగతి పరీక్ష రాసే వీలు కల్పిస్తుంది. ఐదు సబ్జెక్టులు, ఒక్కోదానిలో ముప్పై మూడు మార్కులొస్తే చాలు. అన్నీ ఒకేసారి రాయాలన్న పట్టింపు లేదు. ఐదేళ్ల లోపు పూర్తి చేసుకోవచ్చు. రెండు తెలుగు రాష్ట్రాలకూ సొంత ఓపెన్ స్కూళ్లున్నాయి. ఓపెన్ స్కూల్ పిల్లల్ని నీట్‌కు రానివ్వని నిబంధనను 2018లో దిల్లీ హైకోర్టు కొట్టేశాక డాక్టరు చదువు దారి కూడా తెరుచుకుంది. ఓపెన్ స్కూల్ పరీక్షలకు నేను ఇన్విజిలేటర్‌గా కూర్చున్నాను. ఒక బెంచీ మీద కంపెనీ టీషర్టుతోనే వచ్చేసిన డెలివరీ కుర్రాడు, దాని వెనక పదో తరగతి ఉంటే గానీ టీచరు కాలేని అంగన్‌వాడీ ఆయా, కిటికీ పక్కన ఇంట్లో చదువుకున్న పద్నాలుగేళ్ల పిల్ల. ఆయా లేచి కంపాస్ అడిగితే ఆ పిల్ల తన పెట్టె మొత్తం ఇచ్చేసింది. రెండు రకాల ఇళ్లూ ఒక గదిలో కలిసింది నేను అక్కడ మాత్రమే చూశాను. అయితే పద్నాలుగేళ్లు వచ్చేదాకా ఈ పిల్లలు ఏ రికార్డులోనూ ఉండరు. విద్యాశాఖ లెక్కల్లో వీళ్లు డ్రాపౌట్లు, లేకపోతే లేనట్టే.

లేనట్టే ఉండటం తమకు క్షేమమని నాకు తెలిసిన కుటుంబాలు అనుకుంటున్నాయి. అడిగేవాడు లేడు, అడ్డుపడేవాడు లేడు. వాళ్లకు క్షేమమే కావచ్చు. అందుకే ఇప్పుడు గద్వాల సంగతి చెప్పాలి.

సీడ్ పత్తి పని ఎలా ఉంటుందో తెలియనివాళ్లకు చెప్తాను. సాయంత్రం ఆడ మొక్కల సాళ్ల వెంట పోతూ, మర్నాడు విచ్చుకోబోయే మొగ్గను పట్టుకుని, లోపలి కీలాగ్రం చెడకుండా రెక్కలూ కేసరాలూ గోటితో గిల్లేయాలి. పొద్దున మగ మొక్కల పూలు కోసుకొచ్చి ఆ కీలాగ్రానికి అద్దాలి. సీజన్ పొడుగునా రోజూ ఇదే. మొక్క నడుము ఎత్తు కూడా ఉండదు, వంగి చేయాలి. చిన్న వేళ్లయితే మొగ్గ చెడదని, చిన్న పిల్లలైతే వంగడం తేలికని ఆడపిల్లల్నే పిలుస్తారు. మా తొమ్మిదో తరగతి హాజరు పట్టీలో సెప్టెంబరు పేజీ తీస్తే ఆడపిల్లల పేర్ల ఎదురుగా వరసగా ఆబ్సెంట్లు. ఇళ్లకు పోయి అడిగితే ‘ఇంట్లనే సదువుకుంటది మేడం, పుస్తకాలన్నీ ఉన్నయి, పరీక్షలకు పంపిస్త’ అనేవారు తండ్రులు. పిల్లను పిలవమంటే పిలిచేవారు. వచ్చి గుమ్మం దగ్గర నిలబడేది. వేళ్ల చివర్లు పసుపుపచ్చగా ఉండేవి, పుప్పొడితో.

ఆ ఇళ్లలోకి వెళ్లే ధైర్యం మాకు ఇచ్చింది మన తెలుగు నేల మీదే పుట్టిన ఒక సూత్రం. శాంతా సిన్హా ఆధ్వర్యంలో ఎం.వెంకటరంగయ్య ఫౌండేషన్ 1991 నుంచి రంగారెడ్డి జిల్లా పల్లెల్లో పనిచేస్తూ, బడి బయట ఉన్న ప్రతి బిడ్డనూ బాలకార్మికుడిగానే లెక్కించాలని పట్టుబట్టింది. ఇంటి పని, పశువుల కాపలా, తమ్ముణ్ని ఎత్తుకోవడం అన్నీ పనే. వాటికి మినహాయింపులు ఇవ్వడం మొదలుపెడితే అంతం ఉండదంది. వేల మంది పిల్లలు, బడికి సిద్ధం చేసే బ్రిడ్జి క్యాంపుల మీదుగా బడికొచ్చారు. శాంతా సిన్హాకు 2003లో మెగసెసె అవార్డు వచ్చింది, 2007లో జాతీయ బాలల హక్కుల కమిషన్‌కు మొదటి అధ్యక్షురాలయ్యారు. ఆ సూత్రం బలమంతా మినహాయింపు లేకపోవడంలోనే ఉంది. నా దగ్గరికొచ్చే లిఫ్టు పిల్లాడు ఆ సూత్రం ప్రకారం బాలకార్మికుడు. అది హాస్యాస్పదమే. కానీ వాడి కోసం ఒక్క మినహాయింపు ఇస్తే, మర్నాడు అదే మినహాయింపు పసుపు వేళ్ల పిల్ల తండ్రి అడుగుతాడు.

2016లో సవరించిన బాలకార్మిక చట్టం ఈ చిక్కును పెంచింది. పద్నాలుగేళ్ల లోపు పిల్లల్ని ఏ పనిలోనూ పెట్టకూడదంటూనే, ప్రమాదం లేని కుటుంబ వృత్తుల్లో బడి వేళలు అయ్యాక, సెలవుల్లో సాయం చేయవచ్చని అది అంటుంది. ఇంట్లోనే చదువుకుంటున్నానని చెప్పే పిల్లకు బడి వేళలు ఏవి? పొద్దున క్రాసింగ్‌కు పోయి మధ్యాహ్నం చదువుకుంటానంటే కాదనడానికి తనిఖీ అధికారి దగ్గర ఆధారం ఏముంది? అపార్టుమెంటులో ఎంత తెలివైన చదువు నడిచినా, దానికి ఒక రూపం, ఒక నమోదు లేకపోతే, పల్లెలో అది దొంగ సాకుకు అక్కరకొస్తుంది. నేను ఊహించి చెప్పడం లేదు. ఆ సాకు విన్న చెవులు నావి.

చూడకుండా వదిలేయడం వల్ల వచ్చే ముప్పు పల్లెలకే పరిమితం కూడా కాదు. ఇంగ్లండ్‌లో 2023లో సారా షరీఫ్ అనే పదేళ్ల పాపను తండ్రి, సవతి తల్లి హింసించి చంపారు. ఒంటి మీది గాయాలు టీచర్ల కంటపడ్డాక, ఇంట్లో చదివిస్తామని చెప్పి బడి మాన్పించారు. ఆ తర్వాత ఆ పాపను పట్టించుకోవాల్సిన పని ఎవరికీ లేకపోయింది. బడిలో లేని పిల్లల రిజిస్టరు ఉండాలంటూ 2024 డిసెంబరులో అక్కడి ప్రభుత్వం తెచ్చిన బిల్లు వెనక ఇలాంటి భయాలున్నాయి. జర్మనీ అయితే ఇంటి చదువును ఒప్పుకోనే ఒప్పుకోదు. 2019లో యూరోపియన్ మానవ హక్కుల కోర్టు కూడా ఆ దేశ వైఖరిని తప్పుపట్టలేదు. అమెరికాలో 1993 నాటికే ఇంటి చదువు అన్ని రాష్ట్రాల్లోనూ చట్టబద్ధమైంది. 2020 వసంతంలో బడి ఈడు పిల్లలున్న ఇళ్లలో 5.4 శాతం హోమ్‌స్కూలింగ్ చేస్తున్నామంటే, ఆ శరదృతువు వచ్చేసరికి అది 11.1 శాతానికి చేరిందని అక్కడి జనగణన శాఖ సర్వే చెప్పింది. కానీ అక్కడా పద్ధతి ఒకటి కాదు. మనవాళ్లు ఎక్కువగా ఉండే టెక్సాస్, న్యూజెర్సీల్లో ఎవరికీ చెప్పకుండానే మొదలుపెట్టవచ్చు. న్యూజెర్సీ పక్కనే ఉన్న న్యూయార్క్‌లో ముందుగా నోటీసు, ఏడాది ప్రణాళిక, మూడు నెలలకోసారి నివేదిక, ఏడాది చివర మదింపు ఇవ్వాలి. న్యూయార్క్‌లో ఇంటి చదువు చచ్చిపోలేదు. చెప్పి చేయడం అంత అసాధ్యమేమీ కాదని దాన్నిబట్టి తెలుస్తోంది.

మనకు న్యూయార్క్ అంత కాగితాల పని అక్కర్లేదు. నేనడిగేది నాలుగు ముక్కలు. పిల్లల్ని ఇంట్లో చదివిస్తున్నామని తల్లిదండ్రులు మీసేవలో ఒక దరఖాస్తు ఇవ్వాలి, మండల విద్యాధికారి దగ్గర అది నమోదు కావాలి. ఏడాదికోసారి దగ్గర్లోని ప్రభుత్వ బడిలో పిల్లతో ఒక గంట మాట్లాడాలి. మాట్లాడేది ఒక టీచరు, శాఖతో సంబంధం లేని మరొకరు. పరీక్ష పెట్టకూడదు, మార్కులు వేయకూడదు. పిల్ల రాసుకున్న నోటుపుస్తకాలు చూడాలి, పిల్ల చెప్పేది వినాలి, పిల్ల చేతులూ చూడాలి. నమోదు చేసుకున్న పిల్లకు ఆ బడి లైబ్రరీ, ల్యాబు, ఆటస్థలం వాడుకునే హక్కు ఉండాలి. కావాలంటే మధ్యాహ్నం ఆ వరసలో కూర్చుని తినే హక్కు కూడా. మనసు మారి తిరిగి బడికి రావాలనుకుంటే ఈడుకు తగిన తరగతిలో చేర్చుకోవాలి; ఇది చట్టం నాలుగో సెక్షన్‌లో ఇప్పటికే ఉంది. నమోదు లేకుండా ‘ఇంట్లోనే చదువుతోంది’ అన్న ప్రతి ఇంటికీ ఆ వారంలోనే మనిషి వెళ్లాలి.

దీనికి రెండు వైపుల నుంచీ అభ్యంతరాలు విన్నాను. తనిఖీ అంటే లంచం అంటాడు లిఫ్టు పిల్లాడి తండ్రి. ‘మీ ఆఫీసర్ వచ్చి సోఫాలో కూర్చుని కాఫీ తాగి, చుట్టూ చూసి రేటు కడతాడు ఆంటీ.’ ఆ భయంలో అబద్ధం లేదు. అందుకే ఇంటికి రావద్దు, పిల్లే బడికి పోవాలి అంటున్నాను, ఇద్దరు ఉండాలంటున్నాను, పాస్, ఫెయిల్ ఉండకూడదంటున్నాను. ఆపే అధికారం లేనివాడికి అమ్ముకోవడానికీ ఏమీ ఉండదు. పిల్ల ప్రమాదంలో ఉందని ఇద్దరికీ అనిపిస్తే మాత్రం ఆ సంగతి బాలల సంక్షేమ కమిటీకి పోవాలి.

రెండో అభ్యంతరం నా పాత టీచర్ల సంఘం సహోద్యోగులది. ‘ఉన్నవాళ్లు బడి వదిలిపోవడానికి నువ్వు రాచబాట వేస్తున్నావు’ అంటారు. ఉన్నవాళ్లు ప్రభుత్వ బడిని వదిలి ఎన్నో ఏళ్లయింది, వాళ్లు పోయింది ప్రైవేటు బడికి. మా టీచర్ల పిల్లలూ అక్కడే చదివారు. ఈ కొద్దిమంది ప్రైవేటు బడిని కూడా వదిలేసి, పిల్లకు కావాల్సినంత సేపు ఆగే మనిషి కావాలంటున్నారు. ప్రతి ప్రభుత్వ బడిలోనూ మేం అడగాల్సిన కోరిక ఇదే. దాన్ని డబ్బున్నవాళ్లు ముందు అడిగారని కోరిక తప్పయిపోదు. ఏడాదికోసారైనా ఈ తల్లిదండ్రులు ప్రభుత్వ బడి గేటు లోపలికి వస్తే, మరుగుదొడ్లకు నీళ్లున్నాయా అని గట్టిగా అడిగే గొంతులు ఇంకో నాలుగు పెరుగుతాయి.

ఆంధ్రప్రదేశ్‌లో 2020లో అమ్మఒడి మొదలైనప్పుడు, పిల్లల్ని బడికి పంపే తల్లికి ఏడాదికి 15,000 రూపాయలు ఇస్తామన్నారు. పిల్లలు బడిలో ఉండటానికి మన ప్రభుత్వాలు అంత ఖర్చు పెట్టగలిగినప్పుడు, బడిలో లేని పిల్ల ఎక్కడుందో తెలుసుకునే ఖర్చు భారం కాదు. పెద్ద చట్ట సవరణల కోసం ఆగాల్సిన పని కూడా లేదు. తమ పరిధిలోని పద్నాలుగేళ్ల లోపు పిల్లలందరి రికార్డూ ఉంచాలని విద్యాహక్కు చట్టం తొమ్మిదో సెక్షన్ స్థానిక సంస్థలకు చెప్పే ఉంది. నియమాలు చేసుకునే అధికారం రాష్ట్రాలకు ఇచ్చే ఉంది. ఏటా జూన్‌లో బడిబాట పేరుతో టీచర్లు ఇల్లిల్లూ తిరుగుతూనే ఉన్నారు, అపార్టుమెంటు గేట్లు మాత్రం దాటడం లేదు. దాటమని ఒక ఉత్తర్వు చాలు.

హోమ్‌స్కూలింగ్ తల్లులకు నేను చెప్పేది కూడా ఇంతే. మీ చదువు నిజమైనది, దాన్ని చూపించడానికి మీకు భయం ఉండకూడదు. ఎవరూ చూడకూడదన్న హక్కు మీరు సాధించుకుంటే అది మీతో ఆగదు, అవసరమున్న ప్రతి తండ్రీ వాడుకుంటాడు. ఏడాదిలో ఒక్క గంట మీ పిల్లను తీసుకుని దగ్గర్లోని సర్కారు బడికి నడిచి వెళ్లండి. అక్కడ కూర్చునే పని ఇస్తే జీతం లేకుండా చేయడానికి నాలాంటి రిటైర్డ్ టీచర్లు ప్రతి మండలంలోనూ ఉన్నాం.